కొత్తవాళ్లతో మాట కలపాలంటే: నల్గొండ, పాలమూరు వైపు తిరిగేవాళ్ల కోసం

బస్సులో పక్క సీటాయనతో, మీటింగులో పక్క కుర్చీ మేడమ్‌తో పరిచయం ఎలా పెంచుకోవాలో నేర్పే వీడియోలు బోలెడున్నాయి. కళ్లలోకి సూటిగా చూడండి, చెయ్యి గట్టిగా కలపండి, అర నిమిషంలో మీ గురించి మొత్తం చెప్పేయండి అంటారు. చౌటుప్పల్ బస్టాండులో అలా చేసి చూడండి, ఈయనెవరో ప్లాట్లు అమ్మడానికి వచ్చిండని అవతలాయన లేచి వేరే బెంచీ మీదికి పోతాడు.

మా వైపు జనానికి మాట్లాడటానికి మొహమాటం లేదు. మొహమాటమంతా వద్దని చెప్పడం దగ్గరే. ఫోటో తీసుకోనా అంటే ఇష్టం లేకపోయినా నవ్వుతారు, నంబర్ ఇవ్వండి అంటే లోపల తిట్టుకుంటూనే ఇస్తారు, రేపు మీ ఇంటికి వస్తా అంటే నాట్లు పడే రోజైనా సరే రమ్మంటారు. అందుకని అడిగేవాళ్లే ముందు చూసుకోవాలి, అవతలి మనిషి ఇబ్బంది పడకుండా తప్పుకునేలా అడగాలి. కింద రాసినవన్నీ ఈ ఒక్క విషయం చుట్టూనే తిరుగుతాయి.

పిలుపు దగ్గర మొదలుపెడదాం. కండక్టర్ అయినా, ఆటో నడిపేవాళ్లయినా, హోటల్లో టేబుల్ తుడిచే పిల్లగాడైనా అన్నా, అక్కా, తమ్మీ అంటే చాలు. వయసు మీదపడినవాళ్లయితే తాతా, అవ్వా, పెద్దమ్మా. ముస్లిం పెద్దాయనను చాచా అనొచ్చు, నమస్తే అన్నా సలాం అన్నా నల్గొండలో ఎవరూ తప్పు పట్టరు. చిటికె వేసి "ఏయ్ బాబూ" అని పిలవడం మాత్రం మానేయాలి, అలా పిలిచిన వాళ్లకు చాయ్ ఆలస్యంగా రావడం మీరూ చూసే ఉంటారు.

హైదరాబాద్ నుంచో, ఆంధ్ర వైపు నుంచో కొత్తగా వచ్చినవాళ్లు ఒక దగ్గర తడబడతారు. ఇక్కడ పల్లెల్లో పెద్దవాళ్లు ఆఫీసరునైనా "సారూ, నువ్వు జర కూసో" అంటారు. అది చనువే తప్ప చులకన కాదు, మనసులో పెట్టుకోకండి. కానీ దాన్ని చూసి మీరు కూడా డెబ్బై ఏళ్ల మనిషిని నువ్వు నువ్వు అని మొదలుపెట్టొద్దు, ఆ చనువు వాళ్లకు ఉంది, మీకు ఇంకా రాలేదు. ఇంకోటి, కారు దిగిన ప్రతి ఒక్కరినీ "దొరా", "పటేలా" అనే ముసలివాళ్లు కొన్ని ఊళ్లలో ఇప్పటికీ ఉన్నారు. 1946 నుంచి 1951 దాకా దొరల మీద సాయుధ పోరాటం నడిచిన నేల ఇది, ఆ పిలుపు వెనక ఎంత చరిత్ర ఉందో వేరే చెప్పాల్సిన పని లేదు. విని ఊరుకోకుండా "తాతా, నన్ను పేరు పెట్టి పిలువు" అనేయండి. అందరూ కింద కూర్చుని మీ ఒక్కరికే కుర్చీ వేస్తే, కుర్చీ పక్కకు జరిపి కింద కూర్చోండి, దాని గురించి ఉపన్యాసం ఏమీ అక్కర్లేదు.

యాసను అనుకరించొద్దు. నారాయణపేట, గద్వాల వైపు మాటలో కన్నడ కలుస్తుంది, దేవరకొండ వైపు ఇంకోలా ఉంటుంది, సరదాకే అని మీరు అదే పలుకులో తిరిగి చెప్తే అవతలివాళ్లు నవ్వుతారు గానీ ఆ తర్వాత మీతో మాట్లాడేటప్పుడు జాగ్రత్తగా, పుస్తకాల తెలుగులోకి మారిపోతారు. ఇక అక్కడ మాట కలవడం అయిపోయినట్టే.

ఏమడగాలి, ఏమడగొద్దు

మొదటి ప్రశ్నగా "మీదే ఊరు?" కంటే మంచిది నాకు తెలిసి ఇంకోటి లేదు. ఊరు చెప్పాక ఆ ఊరి చెరువు నిండిందా, బత్తాయి ధర ఎట్లుంది, వేరుశనగ ఎట్లుంది అని మాట దానంతటదే నడుస్తుంది. 2016లో జిల్లాలు విడిపోయాయి, పాత మహబూబ్‌నగర్ నుంచి నాగర్‌కర్నూల్, వనపర్తి, గద్వాల వచ్చాయి, 2019లో నారాయణపేట కూడా వేరైంది, కానీ మనుషులు ఇంకా పాలమూరోళ్లమనే చెప్పుకుంటారు. సూర్యాపేటాయన "మాది నల్గొండ జిల్లా" అంటే "అది ఇప్పుడు వేరే జిల్లా కదా" అని సరిచేసేవాళ్లను చూశాను. ఎందుకో అర్థం కాదు.

ఊరి తర్వాత వచ్చేదే చిక్కు. "ఇంటి పేరేంది?", "ఆ ఊర్ల ఎవరోళ్లు మీరు?", "ఏ వాడకట్టు?" ఇవన్నీ తిరిగి తిరిగి కులం దగ్గరికే చేరతాయని అడిగేవాళ్లకూ తెలుసు, చెప్పేవాళ్లకూ తెలుసు. కొందరు అలవాటు కొద్దీ అడుగుతారు, చుట్టరికం కలుస్తుందేమో చూద్దామని అడిగేవాళ్లూ ఉంటారు. ఏ ఉద్దేశంతో అడిగినా ఆ ప్రశ్న ఎదుర్కొనేవాళ్లలో కొందరికి అది చిన్నప్పటి నుంచి బడిలో, బావి దగ్గర, అద్దె ఇంటి గుమ్మం ముందు వినీ వినీ రోత పుట్టిన ప్రశ్న. మీరు అడగకండి. నా లెక్కలో దీనికి మినహాయింపు లేదు, పెళ్లి సంబంధం మాట్లాడటానికి పోయినప్పుడు సంగతి వేరే, అది పరిచయం కాదు కాబట్టి. మిమ్మల్ని ఎవరైనా అడిగితే, గొడవ పెట్టుకునే ఓపిక లేని రోజున, "మాది నకిరేకల్ పక్కన అన్నా, మీరు ఎటు పోతున్నరు?" అని ప్రశ్నను అటువైపు తిప్పేయండి. రెండోసారి అడిగితే "అదెందుకులే అన్నా" అని నవ్వేసి కిటికీ వైపు తిరిగితే సరిపోతుంది.

జీతం ఎంత, పెళ్లయిందా, పిల్లలెందుకు లేరు, ఇవి కూడా అదే బాపతు. "పిల్లలు ఎంతమంది?" అనేది ప్రేమగా అడిగే ప్రశ్నే అనుకుంటాం గానీ, పిల్లలు లేనివాళ్లు ఆ రోజు అప్పటికే ఎంతమందికి జవాబు చెప్పి ఉంటారో ఆలోచించండి. ఇంకోటి, పాలమూరు మనిషి కనపడగానే వలసల గురించి, మునుగోడు, మర్రిగూడ వైపు మనిషి కనపడగానే నీళ్లలో ఉండి ఎముకలను వంచేసే ఫ్లోరైడ్ గురించి మొదలుపెట్టడం. జాలి చూపిస్తున్నామనుకుంటారు గానీ వాళ్లకు అది అవమానంలా తగులుతుంది. వాళ్లంతట వాళ్లు ఎత్తితే వినండి. అక్కడ కాళ్లు వంగిన మనుషులను ఫోటోలు తీసుకుని పోయినవాళ్లు ఏళ్ల తరబడి వస్తూనే ఉన్నారు, ఆ ఫోటోలు ఎక్కడికి పోయాయో ఫోటోలో ఉన్నవాళ్లకు ఎవరూ చెప్పలేదు. ఫోన్ జేబులో పెట్టుకుని వెళ్తే చాలు, సగం దూరం తగ్గిపోతుంది.

నీళ్లు, చాయ్

ఇంటికి పోతే ముందు చెంబుతోనో గ్లాసుతోనో నీళ్లు ఇస్తారు. ఇక్కడ చాలామంది చదువుకున్నవాళ్లు బ్యాగులోంచి సొంత బాటిల్ తీస్తారు. కడుపు పాడవుతుందనే భయం ఉండొచ్చు, కాదనను, కానీ దళితవాడలో ఆ బాటిల్ తీస్తే దాన్ని కడుపు సంగతిగా ఎవరూ చూడరు. ఫ్లోరైడ్ ఊళ్లో తీసినా అంతే. నీళ్ల మీద అనుమానం ఉంటే ఒక తేలిక దారి ఉంది: "అమ్మా, నీళ్లొద్దు గానీ మీకు వీలైతే చాయ్ పెట్టండి" అనండి. చాయ్ మరిగి వస్తుంది, క్రిముల భయం తగ్గుతుంది (ఫ్లోరైడ్ మాత్రం మరిగించినా పోదు), ఇంటివాళ్లకూ తృప్తి. మీకు షుగర్ జబ్బు ఉంటే చక్కెర వేయకుండా పెట్టమని చెప్పండి, షుగర్ అంటే ప్రతి ఇంట్లో తెలుసు ఇప్పుడు.

తినమంటే? మొదటిసారి వద్దనడం మర్యాద, రెండోసారి కూడా వద్దనొచ్చు, మూడోసారి కూడా బలవంతం చేస్తే నిజంగానే పెట్టాలనుకుంటున్నారు, ఒక జొన్న రొట్టె తినండి. మాంసం తినకపోతే ముందే చెప్పండి, కోసి వండాక కాదు. జాన్‌పహాడ్ దర్గా దగ్గర కందూరుకు (మొక్కు తీర్చుకుని పెట్టే విందుకు) పిలిస్తే, అక్కడికి హిందువులూ ముస్లింలూ ఇద్దరూ వస్తారు, తల మీద రుమాలు వేసుకుని, చెప్పులు బయట విడిచి, పెద్దలు ఎక్కడ కూర్చోమంటే అక్కడ కూర్చోండి. కల్లు పోస్తామంటే తాగడం తాగకపోవడం మీ ఇష్టం, "అలవాటు లేదన్నా" అంటే గౌడన్నలు కూడా పట్టుబట్టరు. మొహం చిట్లించొద్దు, అంతే.

బస్సులో

2023 డిసెంబర్ 9 నుంచి పల్లెవెలుగు, ఎక్స్‌ప్రెస్ బస్సుల్లో ఆడవాళ్లకు టికెట్ డబ్బులు లేవు, అప్పటి నుంచి దేవరకొండ బస్సులో కూర్చోవడమే గగనమైంది. దాని మీద జోకులు వేసి మాట కలుపుదామనుకునే మగవాళ్లు ఎక్కువయ్యారు. "మీకేందమ్మా, ఫ్రీ" అని మొదలుపెడతారు. కూలికి పోయి ఆ పూటకు ఎంతో కొంత మిగిలిందని సంతోషపడే మనిషికి రోజుకు నాలుగుసార్లు ఆ మాట వినాల్సిన ఖర్మ ఏంటి? కర్చీఫ్ వేసిన సీటు మీద గొడవైతే వదిలేయండి, ఆ గొడవల్లో న్యాయం తేలడం నేనెప్పుడూ చూడలేదు.

పక్కన కూర్చున్నది ఒంటరిగా ప్రయాణించే ఆడమనిషి అయితే మగవాళ్లు మాట కలపాల్సిన అవసరమే లేదు. ఆమె అడిగితే జవాబు చెప్పండి, దారిలో మాల్ అనే ఊరు ఎప్పుడొస్తుందో చెప్పండి, అక్కడితో ఆపండి. ఎక్కడ దిగుతారు, ఎవరైనా తీసుకుపోవడానికి వస్తున్నారా అనే ప్రశ్నలు మీకు సాయంలా అనిపించినా ఆమెకు టెన్షన్ పుట్టిస్తాయి. చెవుల్లో ఇయర్‌ఫోన్స్ ఉన్నాయంటే ఆడ అయినా మగ అయినా మాట్లాడే ఉద్దేశం లేదనే అర్థం. పక్కవాళ్ల ఫోన్ స్క్రీన్‌లోకి తొంగి చూసి "అది ఎవరు?" అనడం మన దేశంలో నేరం కాదు గానీ కావాలి.

మగ్గం ముందు

పోచంపల్లికి సందర్శకులు ముందు నుంచీ ఉన్నారు, 1951లో వినోబా భావే భూదానం మొదలుపెట్టిన ఊరు, 2021లో ఐక్యరాజ్యసమితి పర్యాటక సంస్థ ఉత్తమ గ్రామాల్లో ఒకటిగా ఎంచాక ఇంకా పెరిగారు. పుట్టపాక, కొయ్యలగూడెం, ఇటు గద్వాల కూడా పోతుంటారు. మగ్గం ఉండేది మ్యూజియంలో కాదు, ఇంట్లో. గడప బయట ఆగి "అక్కా, లోపలికి రావొచ్చా?" అని అడిగి, చెప్పులు విప్పి పోవాలి. నేసేవాళ్లకు చాలాచోట్ల నేసిన దాన్ని బట్టే కూలి, మీతో మాట్లాడినంతసేపూ నాడె (మగ్గంలో అటూ ఇటూ పోగును తీసుకుపోయేది) ఆగిపోతే ఆ నష్టం వాళ్లదే. అందుకే పని చేసుకుంటూ మాట్లాడండి అని మీరే చెప్పండి. నూలును చేత్తో తాకొద్దు. రంగు అద్దేటప్పుడు కట్టిన ముడుల లెక్కను బట్టి పోగు పోగుకూ డిజైన్ కలవాలి, ఒక పోగు జరిగినా చీరలో తెలిసిపోతుంది.

ధర గురించి మగ్గం దగ్గర బేరం పెట్టడం చాలామంది చేసేదే. నేసే మనిషి చాలాసార్లు ఆ చీరకు యజమాని కాదు, నూలు, డిజైన్ మాస్టర్ వీవర్ ఇస్తాడు, ఈమె నేసి ఇస్తుంది. "నాకు డైరెక్టుగా ఇవ్వు, షాపు కంటే తక్కువకు" అంటే ఆమె పనికే ఎసరు పెడుతున్నట్టు. కొనాలంటే సొసైటీకో, వాళ్లు చూపించిన దుకాణానికో పోండి. కొత్త డిజైన్ ఫోటో అసలు అడగొద్దు. మీరు వాట్సాప్‌లో చెల్లికి పంపిన ఫోటో అటు తిరిగి ఇటు తిరిగి ప్రింటు చీరల మీద తేలుతుంది, అదే డిజైన్ పదో వంతు ధరకు అమ్మితే నేసినవాళ్లు ఏం చెయ్యాలి? మనుషుల ఫోటో కావాలంటే కూడా "తీసుకోనా" అని కాకుండా "ఫోటో దిగడం ఇష్టమేనా, వద్దంటే ఏం కాదు" అని అడగండి. ఆ రెండో సగం చెప్తేనే వద్దనే ధైర్యం వస్తుంది. ఇంకా మాట్లాడాలనుంటే ఆసు గురించి, అంటే నేసే ముందు నూలును చుట్టే పని గురించి అడగండి. ఒక్క చీరకు నూలును వేలసార్లు అటూ ఇటూ తిప్పి ఆడవాళ్ల భుజాలు పడిపోయేవి, ఆలేరు వైపు చింతకింది మల్లేశం తన తల్లి బాధ చూడలేక ఆసు యంత్రం తయారు చేశారు, 2017లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది. యంత్రం రాకముందు సంగతి అడిగితే పెద్దవాళ్లు ఆగకుండా చెప్తారు.

నల్లమల వైపు పోయేవాళ్లకు రెండు మాటలు. చెంచు పెంటలు, అంటే అడవిలో చెంచు గిరిజనుల గూడేలు, టూరిస్టు స్పాట్లు కావు, అమ్రాబాద్ అడవి లోపలికి పోవడానికి అటవీ శాఖ అనుమతి కావాలి, పెంటలోకి పోవాలంటే అక్కడి పెద్దమనిషి ఒప్పుకోవాలి. పిల్లలకు చాక్లెట్లు పంచి ఫోటోలు తీసుకోవడం దయచేసి మానేయండి. చైత్ర పౌర్ణమికి సలేశ్వరం జాతర పోతే మాత్రం మాట కలపడానికి కష్టపడక్కర్లేదు, ఆ సన్నటి దారిలో ఎదురైన ప్రతి ఒక్కరూ అక్కడి శివుడు లింగమయ్యను తలుచుకుంటూ అరుస్తూ నడుస్తారు, మీరూ గొంతు కలిపితే చాలు. మన్ననూర్ గేటు రాత్రి 9కి మూస్తారు, ఉదయం 6కి తీస్తారు, అది చూసుకుని కూర్చోండి, మాట మధ్యలో లేచి పరుగెత్తడం బాగుండదు.

మీటింగులు, సదస్సులు

2023లో నల్గొండలో, మహబూబ్‌నగర్ దగ్గర దివిటిపల్లిలో ఐటీ టవర్లు తెరిచాక మన దగ్గర కూడా కొత్త రకం మీటింగులు మొదలయ్యాయి. పాతవి ఉండనే ఉన్నాయి, పాలెం వ్యవసాయ పరిశోధనా కేంద్రంలో రైతుల శిక్షణలు, మిర్యాలగూడ మిల్లర్ల సమావేశాలు, యూనివర్సిటీల సెమినార్లు. అన్నిట్లో పద్ధతి ఒకటే: పదింటికంటే పదకొండున్నరకు మొదలవుతుంది, ముందు సోఫాలు ఖాళీగా ఉంటాయి, శాలువాలు కప్పడం గంట పడుతుంది. ఆ గంటన్నర వృథా అని అందరూ తిట్టుకుంటారు గానీ అసలు పరిచయాలు అయ్యేది అప్పుడే. ఫోన్ లోపల పెట్టి వెనక వరసలో ఒక్కరితో కూర్చోండి. ముఖ్య అతిథిని తరువాత చూసుకోవచ్చు. మైకు సెట్ చేసే అబ్బాయి, రిజిస్ట్రేషన్ టేబుల్ దగ్గర అమ్మాయి, ఆఫీసులో ఫైలు నడిపే జూనియర్ అసిస్టెంట్, వీళ్లను పేరు అడిగి పలకరించేవాళ్లు తక్కువ. పని ఎక్కడ ఆగింది, ఎవరిని అడగాలి అనేది వాళ్లకే తెలుసు, కానీ దానికోసమే పలకరిస్తే వాళ్లకు అది కూడా తెలిసిపోతుంది.

పరిచయం చేసుకునేటప్పుడు ఊరు, పని, ఎందుకు వచ్చారో ఒక్క వాక్యంలో చెప్పండి. "మాది హాలియా అన్నా, రైస్ మిల్లుల మోటార్లు రిపేర్ చేస్తా, ఈ సోలార్ సంగతి తెలుసుకుందామని వచ్చిన." చాలు. ఎమ్మెల్యే మనోడే, కలెక్టర్ ఆఫీసులో మనవాళ్లున్నారు అనేవి పక్కన పెట్టండి. మహిళా ఇంజినీరును, మహిళా వ్యాపారిని "మీ సార్ ఏం చేస్తారు?" అని అడగొద్దు, ఆమె ఏం చేస్తుందో అడగండి. చెయ్యి కలపడం ఆమె ముందు చాపితేనే, లేకపోతే నమస్కారం. అతిథిని భోజనాల దగ్గర ప్లేటు చేతిలో ఉండగా పట్టుకోవద్దు, ముద్ద నోట్లో ఉన్న మనిషి ఏ జవాబు చెప్తాడు? ప్లేటు పెట్టేశాక, "రెండు నిమిషాలు ఉందా సార్, లేకపోతే మెసేజ్ పెడతాను" అనండి. ఆయన వాచీ చూస్తే మెసేజే. చూద్దాంలే, తర్వాత మాట్లాడదాం అన్నాక మళ్లీ అడిగితే వెంటపడినట్టే అవుతుంది.

"ఒక మంచి బిజినెస్ ప్లాన్ ఉంది, మీతో షేర్ చేసుకోవాలి" అని చెప్పి గొలుసుకట్టు స్కీములో చేర్పించే బ్యాచ్ ఒకటి ప్రతి సదస్సులో ఉంటుంది. రీజినల్ రింగ్ రోడ్డు పక్కన వెంచర్ బ్రోచర్ పట్టుకుని తిరిగేవాళ్లు ఇంకో బ్యాచ్. వీళ్ల వల్లే మామూలుగా పలకరించినవాళ్లను కూడా జనం అనుమానంగా చూస్తున్నారు. మీరు అమ్మేది ఏదైనా ఉంటే మొదటి నిమిషంలోనే చెప్పేయండి, దాచిపెట్టి స్నేహం చేసి పదిహేను రోజులకు బయటపెట్టడం అన్నిటికంటే రోత.

నంబర్ సంగతి

నంబర్ అడగడం కంటే మీది ఇవ్వండి. "ఇది నా నంబర్, ఎప్పుడైనా అవసరమైతే చెయ్యండి" అంటే అవతలివాళ్ల మీద బరువు ఉండదు, నిజంగా కావాలనుకున్నవాళ్లు చేస్తారు. మీకు నంబర్ ఇచ్చిన వాళ్లకు మరుసటి రోజు పగలు ఒక మెసేజ్ పెట్టండి, పేరు, ఎక్కడ కలిశారో, ఏం మాట్లాడారో రెండు లైన్లలో. "నమస్తే మేడమ్, నిన్న ఐటీ టవర్ మీటింగులో కలిసిన హాలియా వాసిని. మీరు చెప్పిన సబ్సిడీ వివరాలు వీలైనప్పుడు పంపగలరు. తొందరేం లేదు." జవాబు రాకపోతే వారం ఆగి ఇంకోసారి, తర్వాత వద్దు. రోజూ గుడ్ మార్నింగ్ పువ్వుల బొమ్మలు, అర్ధరాత్రి హాయ్‌లు, ముఖ్యంగా ఆడవాళ్లకు, అసలే వద్దు. ఫోన్ చేసే ముందు ఎప్పుడు వీలవుతుందో మెసేజ్‌లో అడగండి. ఒకరి నంబర్ ఇంకొకరికి ఇచ్చే ముందు వాళ్లను అడగాలి, తెలిసినవాళ్లకే ఇస్తున్నా అని మీరనుకున్నా సరే.

గ్రూపులో చేర్చడం కూడా అడిగాకే. మీకే ఈ బాధ ఉంటే వాట్సాప్ సెట్టింగ్స్‌లో ప్రైవసీ, అందులో గ్రూప్స్, అక్కడ మై కాంటాక్ట్స్ అని పెట్టుకోండి, మీ ఫోన్‌లో నంబర్ సేవ్ అయినవాళ్లు తప్ప ఇంకెవరూ నేరుగా చేర్చలేరు. ఇక ఊళ్లో తీసిన ఫోటో పంపిస్తానని మాటిస్తే పంపండి. చాలామంది అవ్వలకు, తాతలకు స్మార్ట్‌ఫోన్ ఉండదు, నల్గొండ క్లాక్ టవర్ సెంటర్ చుట్టుపక్కల ఏ స్టూడియోలోనైనా ప్రింటు తీసిస్తారు. ఫోటో తీసినప్పుడే మనిషి పేరు, ఊరు, ఇంట్లో ఫోనున్నవాళ్ల నంబర్ వాళ్లనడిగి రాసి పెట్టుకోండి, ఇంటికొచ్చాక ఎవరు ఎవరో గుర్తుండరు.